యుగములకు సాక్షి – శేషాచలపు పేరీత



శ్రీమద్భాగవత నవమస్కంధమున కకుద్మి మహారాజు కథ కలదు. కుశస్థలి నేలిన ఆ రాజు తన కుమార్తె రేవతికి తగిన వరుడెవ్వడో తెలిసికొనుటకై ఆమెను వెంటబెట్టుకొని బ్రహ్మలోకమునకు వెళ్ళెను. అక్కడ గంధర్వగానము జరుగుచుండెను. అది ముగియువరకు క్షణకాలము వేచి, తాను మనసున తలచియున్న రాకుమారుల సంగతి విన్నవించెను. విధాత నవ్వెను. వారును, వారి మనుమలును, వారి గోత్రములును గూడ ఇప్పుడు భూలోకమున వినబడవనియు, ఆ క్షణములోనే ఇరువదియేడు మహాయుగములు గడచినవనియు తెలిపెను. కన్యను బలరామునికి ఇమ్మని ఆదేశించెను.

ఈ కథ చెప్పినప్పుడెల్ల పిల్లలు ఒక ప్రశ్న వేయుదురు. “రాజు తిరిగి వచ్చునప్పటికి ఆయన ఎరిగినది ఒక్కటైనను భూమిపై మిగిలియున్నదా?” పెద్దలకు ఈ ప్రశ్న తోచదు. మనము బలరాముని పెండ్లి యొద్దకు త్వరపడుదుము.

బలరాముడు ఆదిశేషుని అవతారము. ఆ శేషుడే పర్వతమై పరుండిన చోటు మన తిరుమల. కృతయుగమున వృషభాద్రి, త్రేతాయుగమున అంజనాద్రి, ద్వాపరమున శేషాద్రి, కలియుగమున వేంకటాద్రి అని కొండ యొక్కటే నాలుగు యుగములలో నాలుగు పేర్లు దాల్చినదని పురాణములు చెప్పుచున్నవి. యుగములు మారినను మారని ఉనికి యను భావన ఈ కొండకు క్రొత్తది కాదు. స్వామి పుష్కరిణి చెంత తింత్రిణీవృక్షము క్రింద, పుట్టలో శ్రీనివాసుడు నివసించిన గాథ మీరందరు ఎరిగినదే. ఆ చింత కథలో నిలిచిన వృక్షము. నేడు నేను చెప్పబోవునది కంటికి కనబడు వృక్షమును గూర్చి.

దాని పేరు పేరీత. పేరోలగమనగా పెద్ద కొలువైనట్లే, పేరీత యనగా పెద్ద ఈత యని పూర్వులు పెట్టిన పేరై యుండును. చూచుటకు ఈతచెట్టు వలెనే యుండును గాని, ఈతకును దీనికిని చుట్టరికము లేదు. పొట్టి మాను, దానిపై పొలుసుల వలె రాలిన ఆకుల మొదళ్ళు, తలపై కిరీటము వలె పచ్చని మట్టలు. సాధారణముగా మనిషి ఎత్తు మించదు. ఎండిన గడ్డి సానువులలో, రాళ్ళ సందులలో పెరుగును. వేసవిలో కార్చిచ్చు వచ్చి మట్టలన్నియు మాడిపోయినను, మాను చావదు. మరల క్రొత్త మట్టలు విప్పును. తిరుపతి, కడప కొండలలో తప్ప లోకమున మరెక్కడను ఇది సహజముగ పెరుగుట లేదు.

మద్రాసు రాజధానిలో 1860 మొదలు 1882 వరకు అడవుల శాఖకు అధిపతిగా నుండిన కర్నల్ బెడ్డోమ్ కడప కొండలలో దీనిని సేకరించెను. 1883లో థిసిల్టన్ డయ్యర్ అను ఆంగ్ల వృక్షశాస్త్రజ్ఞుడు ఆయన పేరు కలిపి ‘సైకస్ బెడ్డోమీ’ అని నామకరణము చేసెను. కొండవారు అంతకు మునుపే పేరు పెట్టుకొనియున్నారన్న మాట వేరు.

ఈ సైకస్ వంశపు శిలాజములు సుమారు 28 కోట్ల సంవత్సరముల నాటివి దొరకినవి. మహాయుగమునకు 43,20,000 సంవత్సరములు గదా! కకుద్మి బ్రహ్మలోకమున గడపిన ఇరువదియేడు మహాయుగములు 11 కోట్ల 66 లక్షల సంవత్సరములగును. అంతకు రెండింతలకు పైగా కాలమునుండి ఈ వంశము భూమిపై నున్నది. పురాణగణనమును శాస్త్రగణనముతో ముడివేయుట నా ఉద్దేశము కాదు. పిల్లలు వేసిన ప్రశ్నకు జవాబు వెదకుచున్నానంతే. భూమిపై పువ్వు పుట్టి సుమారు 13 కోట్ల సంవత్సరములైనదని శాస్త్రజ్ఞుల మాట. పేరీతకు పువ్వు లేదు. తోమాలసేవలో స్వామికి సమర్పించు పుష్పజాతులన్నిటికంటెను దీని వంశమే పెద్దది.

అయితే ఒక మాట దాచరాదు. నేడు జీవించియున్న సైకస్ జాతులు సుమారు 1 కోటి 20 లక్షల సంవత్సరములకు లోపున ఏర్పడినవే యని 2011లో వెలువడిన పరిశోధన తేల్చినది. గోత్రము ప్రాచీనము, మనుమడు తరువాతివాడు. మన ఇండ్లలోను అంతే గదా!

ఇంత కాలమును దాటివచ్చిన చెట్టుకు ఇప్పుడు ఆపద వచ్చినది. పేరీతలో మగచెట్టు వేరు, ఆడచెట్టు వేరు. మగచెట్టు నడినెత్తిన పెద్ద కంకి వెలువడును. ఆడచెట్టున ఆకువంటి రేకుల అంచులకు గింజలు పుట్టును. ఆ మగకంకిని కోసి, యౌవనము నిలుపు మందులలో ముఖ్యద్రవ్యముగ వాడుట ఇక్కడి వైద్యులలో కలదు. మాను చీల్చి లోని మెత్తని గుజ్జు తీయువారును కలరు. తన ఏండ్లు నాలుగు వెనుకకు మరల్చుకొనవలెనని మనిషి కత్తి పట్టినది, యుగములను దాటివచ్చిన వంశముపైననే! దీనికి నవ్వవలెనో ఏడ్వవలెనో తెలియదు.

1987లో ఈ చెట్టును, అంతరించు జీవజాతుల వ్యాపారమును నియంత్రించు అంతర్జాతీయ ఒడంబడిక మొదటి అనుబంధమున చేర్చిరి. 1989లో శ్రీవేంకటేశ్వర జాతీయవనము ఏర్పడినది. 2010లో శేషాచల కొండలను జీవావరణ రక్షితప్రాంతముగ ప్రకటించిరి. ఓడరేవున పెట్టెను ఆపుటకు ఒడంబడిక చాలును. సానువుపై కత్తిని ఆపుటకు చాలదు. మందు కొనువాడు ఉన్నంతవరకు కోయువాడు ఉండును. ఆ కొనువారిలో గోవిందనామము పలుకుచు కొండ నెక్కు మనవారును ఉందురేమో.

మగకంకి తెగిన సానువున పుప్పొడి యుండదు. అక్కడ ఆడచెట్టు రేకులు విప్పి నిలుచును గాని, ఆ ఏడు గింజ పట్టదు.