గోళయంత్రము

కంటికి గన్పట్టినదెల్ల నిజము కాదు. నిజము కానిదెల్ల నిష్ప్రయోజనమును గాదు. ఈ రెండు మాటలకును గోళయంత్రము మంచి నిదర్శనము.

రాత్రివేళ ముంగిట నిలిచి పైకి జూచినచో ఆకాశము బోర్లించిన గిన్నెవలె గానవచ్చును. నక్షత్రములు దాని లోపలివైపున పొదిగినట్లును, ఆ గిన్నె యంతయు మనచుట్టును దిరుగుచున్నట్లును దోచును. ఈ తోచినదానినే పూర్వులు యంత్రముగా నిర్మించిరి. వెదురుబద్దలను వంచి వలయములు గట్టిరి. నడుమ నొక కొయ్యగోళమును భూమిగా నిలిపి, దానిగుండ ఇరుసు దూర్చిరి. ఒక వలయము విషువద్వృత్తము, ఒకటి సూర్యుని సంవత్సరమార్గమగు క్రాంతివృత్తము, మఱియొకటి క్షితిజము. ఏ నక్షత్ర మెప్పుడు పొడుచునో, ఎంత యెత్తున నుండునో ఈ యంత్రము తెలుపుచుండెను. విశ్వము కల్పితమే గాని లెక్క నిజమైనది.

క్రీ.శ. 499 నాటికి ఇరువదిమూడేండ్ల ప్రాయమువాడైన ఆర్యభటుడు, పాదరసము, తైలము, జలము వీని సాయమున కాలముతో సమముగా దిరుగు తేలికయగు కొయ్యగోళమును తన గ్రంథమున వర్ణించెను. చిత్రమేమనగా, నావలో బోవువానికి కదలని వస్తువులు వెనుకకు బోవుచున్నట్లు తోచునట్లే, నిశ్చలములైన నక్షత్రములు పడమటికి బోవుచున్నట్లు మనకు దోచునని ఆ గ్రంథముననే చెప్పెను. ఆకాశము దిరుగు యంత్రమును వర్ణించినవాడే, తిరుగునది భూమియని యెఱిగియుండెను. ఆతనికి యంత్రము పనిముట్టు. అంతియే గాని మతము కాదు.

తరువాతివారి కిది మింగుడుపడలేదు. భూమి తిరిగినచో డేగలు తమ గూండ్లకు మరల నెట్లు చేరునని వరాహమిహిరుడు ప్రశ్నించెను. ఎత్తైన వస్తువులు కూలిపోవలదా యని క్రీ.శ. 628లో బ్రహ్మగుప్తుడు ప్రశ్నించెను. ఇవి తెలివితక్కువ ప్రశ్నలు కావు. భూమితోపాటు దానిపైనున్న గాలియు, పక్షియు, చెట్టును గూడ ఆ వేగముననే సాగుచుండుననుట వీనికి సమాధానము. కాని కొందఱు వ్యాఖ్యాతలు సమాధానము వెదకుటకు మాఱుగా మూలమునే సవరించిరి. భూమి తిరుగునని చెప్పుచోట 'భూః' అను పదమునకు బదులు, నక్షత్రమండలమను నర్థమిచ్చు 'భం' అను పదమును జదివిరి. ఒక్క యక్షరము మాఱెను, భూమి నిలిచిపోయెను. గురువుపై భక్తి యుండియు ఆతని మాట విన నొల్లని శిష్యు లన్ని కాలములందును గలరు.

ఇట్టి పరీక్షయే ఐరోపాలో వేఱువిధముగా ముగిసెను. 1576లో డెన్మార్కు దేశపు హ్వెన్ ద్వీపమున టైకో బ్రాహీ వేధశాల గట్టి, పెద్దవలయములుగల లోహయంత్రములతో గ్రహములను గొలిచెను. దూరదర్శిని యప్పటికి లేదు, కన్నే సాధనము. భూమి కదలదనియే ఆయన నమ్మిక. అయినను నమ్మికకొఱకు కొలతను మార్చలేదు. 1601లో ఆయన మరణించిన పిమ్మట ఆ లెక్కలు కెప్లరు చేతికి వచ్చెను. కుజుని గతి వృత్తపు లెక్కకును టైకో కొలతకును ఎనిమిది కలల భేదము దేలెను. చంద్రబింబము వెడల్పులో అది నాలుగవవంతు మాత్రమే. ఆ కొంచెమును దాచక, కెప్లరు వేలయేండ్ల వృత్తసిద్ధాంతమునే విడిచి, కుజుడు సూర్యునిచుట్టు దీర్ఘవృత్తమున దిరుగుచున్నాడని 1609లో ప్రకటించెను. నిశ్చలభూమిని నమ్మినవాని కొలతలే ఆ నమ్మికను గూల్చుటకు దోడ్పడెను.

ఇది దూరదేశపు గాథయని చదువరులు తలంపవలదు. మన యింట వ్రేలాడు పంచాంగమున గోళయంత్రపు వలయములే యున్నవి. క్రాంతి, విషువద్వృత్తములు ఖండించుకొను బిందువులు సుమారు 72 ఏండ్ల కొక అంశ చొప్పున జరుగుచున్నవి. సుమారు 1700 ఏండ్ల క్రిందట మకరసంక్రమణమును, సూర్యుడు ఉత్తరమునకు మరలుటయు నొక్కనాడే జరిగెడివి. నేడు సూర్యుడు డిసెంబరు 21 లేక 22న మరలుచున్నాడు; మనమో జనవరి 14 లేక 15న ఉత్తరాయణ పుణ్యకాల మనుచున్నాము. 1952లో మేఘనాథ్ సాహా అధ్యక్షతన నేర్పడిన సంఘము ఈ భేదమును విచారించి 1955లో నివేదిక నిచ్చెను. 1957 మార్చి 22న ప్రభుత్వము నూతన శకపంచాంగము నంగీకరించెను. గృహములం దది యింకను బ్రవేశింపలేదు.

సంక్రాంతి పండుగను మానుమని నేననుట లేదు. పంట యింటికి వచ్చినప్పుడు ముగ్గులును, క్రొత్తబియ్యపు పొంగలియు నుండవలసినదే. కాని ఆనాడే సూర్యుడు మరలెనని బిడ్డలకు జెప్పుట తగదు. డిసెంబరు మాసమున పెరటిలో మీటరు పొడవుగల కఱ్ఱను నిలువుగా నాటి, ప్రతిదినము సూర్యుడు నడినెత్తికి వచ్చువేళ దాని నీడకొనను బిడ్డలచేత గుర్తుపెట్టింపుడు. విజయవాడ ప్రాంతమున డిసెంబరు 22 నాటి నీడ సుమారు 84 సెంటీమీటర్లుండును. సంక్రాంతినాటికి 78కి దగ్గును. ఆ ఆఱు సెంటీమీటర్ల తగ్గుదలను తమ చేతులతో గొలిచిన బిడ్డలు, మూలములో నక్షరమును మార్చు వ్యాఖ్యాతలు గాజాలరు.