ఆరో శవపేటిక

మొదటి ప్రపంచ యుద్ధం ముగిసిన నవంబరు 11వ తేదీన, పారిస్‌లోని ఆర్క్ ద త్రియాంఫ్ విజయతోరణం కింద ఉన్న అజ్ఞాత సైనికుడి సమాధికి ఏటా ఫ్రాన్స్ నివాళి అర్పిస్తుంది. అజ్ఞాత సైనికుడంటే యుద్ధంలో మరణించి, పేరూ ఊరూ తెలియక, అలాంటి వారందరికీ ప్రతినిధిగా రాజలాంఛనాలతో ఖననమైన వ్యక్తి.

ఆచూకీ దొరకని వీరుల కోసం ఏథెన్స్ ప్రజలు అంత్యయాత్రలో ఒక ఖాళీ పాడెను మోసుకెళ్ళేవారని క్రీస్తుపూర్వం 5వ శతాబ్దపు చరిత్రకారుడు థ్యూసిడిడీస్ రాశాడు. ఆ తర్వాత ఎన్నో శతాబ్దాల పాటు విగ్రహాలు రాజులకూ సేనానులకూ లేచాయే తప్ప, మామూలు సిపాయికి దక్కింది చాలావరకు ఉమ్మడి గొయ్యే. 1914–18 యుద్ధంలో ఫ్రాన్స్ సుమారు 14 లక్షల మందిని కోల్పోగా, ఫిరంగి గుండ్ల ధాటికి ఛిద్రమైన దేహాలను పోల్చుకోవడం సైతం అసాధ్యమైంది. వెర్డున్ దగ్గరి దువోమోన్ అస్థిశాలలోనే దాదాపు 1,30,000 మంది గుర్తు తెలియని సైనికుల ఎముకలు ఉన్నాయి.

అజ్ఞాత సైనికుణ్ణి మహనీయుల సమాధి మందిరమైన పాంథియాన్‌లో ఉంచాలన్న ఆలోచనను మాజీ సైనికులు వ్యతిరేకించి, విజయతోరణమే తగిన చోటని పట్టుబట్టగా, 1920 నవంబరు 8న అందుకు చట్టం చేశారు. గడువు మూడు రోజులే. నవంబరు 10న వెర్డున్ కోటలోని నేలమాళిగలో, వేర్వేరు యుద్ధక్షేత్రాల నుంచి తెచ్చిన ఎనిమిది శవపేటికలను జాతీయ పతాకాలు కప్పి రెండు వరుసల్లో పెట్టి, ఏది ఎక్కడిదో ఎవరికీ తెలియకుండా వాటి స్థానాలు మార్చారు. అదే యుద్ధంలో గాయపడిన పింఛన్ల మంత్రి ఆంద్రే మాజినో, 132వ పదాతి దళానికి చెందిన 21 ఏళ్ళ సిపాయి ఓగ్యూస్ట్ తాన్ చేతికి ఎరుపు, తెలుపు కార్నేషన్ పూలగుత్తి ఇచ్చి, ఒక పేటికను ఎంచుకోమన్నాడు. ఆ యువకుడి తండ్రి కూడా యుద్ధంలో బలైనవాడే. అతడు తన దళ సంఖ్యలోని ఒకటి, మూడు, రెండు అంకెలను కూడితే ఆరు వస్తుందనీ, తన సైనిక కోర్ కూడా ఆరోదేననీ తలచి, పేటికల చుట్టూ నడిచి, ఆరోదానిపై పూలు ఉంచాడు. ఏ పేటికలో ఎవరున్నారో ఎవరికీ తెలియకపోవడం వల్లనే, బిడ్డ శవం దొరకని ప్రతి తల్లీ ఆ సమాధిలో ఉన్నది తన కొడుకేనని నమ్మగలిగింది. మిగిలిన ఏడుగురినీ వెర్డున్‌లోనే ఖననం చేశారు.

మర్నాడు పారిస్ చేరిన ఆ పేటికను 1921 జనవరి 28న భూస్థాపితం చేశారు. 1923 నవంబరు 11న మాజినో వెలిగించిన జ్యోతిని నాటి నుంచి ప్రతి సాయంత్రం తిరిగి ప్రజ్వలింపజేస్తున్నారు.

ఇతర దేశాల్లో ఇలాంటి స్మారకాల కథ ఒక్క దారిన సాగలేదు. అమెరికాలోని ఆర్లింగ్టన్‌లో 1984లో ఖననమైన వియత్నాం యుద్ధపు అజ్ఞాత సైనికుణ్ణి 1998లో వెలికితీసి, డీఎన్‌ఏ పరీక్షతో మైఖేల్ బ్లాసీ అనే వైమానికుడిగా గుర్తించి కుటుంబానికి అప్పగించారు. స్మారకానికి కలిగిన లోటు ఎంతైనా, అదే న్యాయం. ఢిల్లీ ఇండియా గేట్ వద్ద 1972 జనవరి 26న వెలిగిన అమర్ జవాన్ జ్యోతి కింద ఏ దేహమూ లేదు. తలకిందులుగా నిలిపిన తుపాకీ, దానిపై శిరస్త్రాణం మాత్రమే ఉండేవి. 2022 జనవరి 21న ఆ జ్యోతిని, 25 వేలకు పైగా అమరుల పేర్లు చెక్కిన జాతీయ యుద్ధ స్మారకంలోని జ్యోతిలో కలిపారు. పేర్లున్న చోటే దీపం ఉండాలన్న వాదన బలమైనదే అయినా, యాభై ఏళ్ళు వెలిగిన జ్యోతిని కదిలించకుండా రెండింటినీ నిలపవలసిందన్న కొందరు మాజీ సైనికుల మాట తోసిపుచ్చదగినది కాదు.