తన్‌ఖా, తనఖా, కిస్తు: మలక్‌పేట గృహరుణ చరిత్రలో వడ్డీ అసలు లెక్క

వ్యాస సంగ్రహం:
గృహరుణంలో వడ్డీ రేటు కనిపించేది. మొత్తం భారం కనిపించనిది. ఈ రెంటి మధ్య దూరం ఆధునిక బ్యాంకులతో పుట్టినది కాదు. స్మృతుల ఋణాదాన ప్రకరణం, నిజాం రాజ్యపు అప్పులు, నగరాభివృద్ధి మండలి ఇళ్ళు, నేటి బ్యాంకు రుణం అనే నాలుగు దశలలో ఈ దూరం ఎలా ఏర్పడిందో మలక్‌పేట నేపథ్యంలో పరిశీలించడం ఈ వ్యాస లక్ష్యం.

కీలక పదాలు: తనఖా, కిస్తు, చక్రవృద్ధి, ద్వైగుణ్యం, గృహరుణం, మలక్‌పేట.

1.0 ఉపోద్ఘాతం

గోల్కొండ కుతుబ్‌షాహీల కాలపు మాలిక్ యాకూబ్ పేరు మీదుగా మలక్‌పేటకు ఆ పేరు వచ్చిందని ప్రసిద్ధి. మూసీకి దక్షిణాన, చాదర్‌ఘాట్ దాటగానే మొదలయ్యే ఈ పేటకు ఒకవైపు 1798లో మరణించిన ఫ్రెంచి సేనాని రేమండ్ సమాధి ఉంది. మరోవైపు ఆరవ నిజాం కాలంలో, 1886లో, మౌలాలి నుంచి తరలివచ్చిన గుర్రప్పందాల మైదానం ఉంది. ఇరవయ్యవ శతాబ్దంలో ఇది చిరుద్యోగులు, వ్యాపారులు నివసించే పేటగా విస్తరించింది. 2018 సెప్టెంబరులో అమీర్‌పేట-ఎల్.బి.నగర్ మెట్రో మార్గం ఈ పేట మీదుగా మొదలైంది.

ఇటువంటి పేటలో ఒక కుటుంబం జీవితకాలంలో చేసే అతి పెద్ద అప్పు ఇంటి కోసమే. ఆ అప్పు గురించి అడిగితే చాలామంది చెప్పేవి రెండే అంకెలు: వడ్డీ శాతం, నెలసరి కిస్తు. మొత్తం ఎంత చెల్లించబోతున్నామన్న మూడవ అంకె మాటల్లోకి రాదు. అది ఎందుకు మరుగున పడిందో తెలియాలంటే ముందుగా అప్పు చుట్టూ ఉన్న మాటలను పరిశీలించాలి.

2.0 పదాలలో నిక్షిప్తమైన చరిత్ర

తెలుగులో అప్పుకు సంబంధించిన పదజాలం రెండు పొరలుగా ఉంది. సంస్కృతంలోని ‘వృద్ధి’ ప్రాకృతం మీదుగా ‘వడ్డి’ అయింది. ‘చక్రవృద్ధి’ ‘చక్రవడ్డీ’ అయింది. ఇది మొదటి పొర. అరబ్బీ, పారశీకాల నుంచి పాలనా వ్యవహారం ద్వారా వచ్చిన అసలు, బాకీ, కిస్తు, వసూలు, జప్తు, జామీను, దస్తావేజు, తనఖా రెండవ పొర. అంటే అప్పు పెరగడాన్ని చెప్పే మాట శాస్త్రం నుంచి వచ్చింది. దానిని రాబట్టడాన్ని చెప్పే మాటలు కచేరీ నుంచి వచ్చాయి.

వీటిలో ‘తనఖా’ ప్రస్థానం ప్రత్యేకంగా గమనింపదగినది. పారశీక ‘తన్‌ఖ్వాహ్’కు జీతం అని అర్థం. జీతం చెల్లింపు కోసం ఒక ప్రాంతపు రెవెన్యూను రాసి ఇచ్చే ఉత్తరువు కూడా ఆ పేరుతోనే వ్యవహరించబడేది. విల్సన్ 1855లో ప్రచురించిన న్యాయ, రెవెన్యూ పదకోశం ఈ రెండర్థాలనూ నమోదు చేసింది. రాబోయే ఆదాయాన్ని ముందుగానే మరొకరికి కేటాయించడం అనే భావన నుంచి తెలుగులో ‘తనఖా’ ఆస్తిని అప్పుకు హామీగా పెట్టడం అనే అర్థంలో స్థిరపడింది. హైదరాబాదు ఉర్దూలో మాత్రం ‘తన్‌ఖా’ నేటికీ జీతమే. మలక్‌పేటలో ఈ రెండు భాషలూ ఒకే వీధిలో వినిపిస్తాయి. ఇంటిని తనఖా పెట్టినవాడు నిజానికి పెట్టింది తన తన్‌ఖానే అన్న సత్యం ఈ రెండు ఉచ్చారణల మధ్య దాగి ఉంది.

3.0 రెట్టింపు హద్దు, కిస్తు మినహాయింపు

పదమూడవ శతాబ్దంలో కేతన యాజ్ఞవల్క్యస్మృతి వ్యాఖ్య అయిన మితాక్షరను ‘విజ్ఞానేశ్వరీయము’గా తెనిగించాడు. ధర్మశాస్త్రంలోని పద్ధెనిమిది వ్యవహారపదాలలో మొదటిది ఋణాదానం. తాకట్టును శాస్త్రం ‘ఆధి’ అంటుంది. దాచి ఉంచేది గోప్యాధి. రుణదాత అనుభవించేది భోగ్యాధి.

ఈ సంప్రదాయంలోని ప్రధాన రక్షణ ద్వైగుణ్య నియమం. ధనం విషయంలో వడ్డీ ఎంత పెరిగినా అసలుతో కలిపి రెట్టింపును మించరాదు. వ్యవహారంలో దీనినే ‘దామ్‌దుపట్’ అన్నారు. అయితే మనుస్మృతి ఎనిమిదవ అధ్యాయంలోని ఈ విధికి ఒక షరతు ఉంది. ఒక్కసారిగా తీసుకునే వడ్డీకే ఈ హద్దు. రోజువారీగానో నెలవారీగానో విడతలుగా తీసుకునే వడ్డీకి ఇది వర్తించదని వ్యాఖ్యాతలు వివరించారు.

ఈ మినహాయింపు చిన్న విషయం కాదు. ఒకేసారి రెట్టింపు అడిగితే రుణగ్రహీత ఉలిక్కిపడతాడు. నెలనెలా కొంత అడిగితే ఇస్తూ పోతాడు. మొత్తం హద్దు దాటిన క్షణం ఏ నెలలో వచ్చిందో అతనికి తెలియదు. విడతల అప్పులోని ఈ గుణాన్ని శాస్త్రకారులు శతాబ్దాల కిందటే గుర్తించి, హద్దుకు వెలుపల ఉంచారు. నేటి గృహరుణం ఆ వెలుపలి ప్రదేశంలోనే నిలిచి ఉంది.

4.0 నిజాం రాజ్యం: చెప్పిన రేటు, చేతికందిన సొమ్ము

చెప్పిన వడ్డీకి, నిజమైన వడ్డీకి మధ్య తేడాకు హైదరాబాదు చరిత్రలో ప్రసిద్ధమైన ఉదాహరణ విలియం పామర్ కంపెనీ వ్యవహారం. 1820లో నిజాం ప్రభుత్వానికి ఆ సంస్థ ఇచ్చినట్టు చూపిన అప్పు 60 లక్షల రూపాయలు. వడ్డీ 18 శాతం. రెసిడెంటుగా వచ్చిన చార్లెస్ మెట్కాఫ్ లెక్కలు తరచి చూసినప్పుడు అందులో 8 లక్షలు సంస్థ తీసుకున్న బోనసు అని తేలింది. నిజంగా సమకూరింది 52 లక్షలు. ఏటా 10 లక్షల 80 వేల వడ్డీని 52 లక్షల మీద లెక్కిస్తే రేటు 18 కాదు, దాదాపు 20.8 శాతం. పత్రంలోని రేటు మారలేదు. అది వర్తించే మొత్తమే మారింది.

ఆ శతాబ్దపు మొదటి సగంలో రాజ్యంలోని అనేక తాలూకాల రెవెన్యూ సాహుకార్ల చేతికి, అరబ్బు జమాదార్ల చేతికి పోయింది. కంటింజెంట్ సైన్యపు బాకీల కింద 1853లో బేరారు పాలన కంపెనీకి అప్పగించవలసి వచ్చింది. అదే ఏడాది దివాను పదవి చేపట్టిన మొదటి సాలార్‌జంగ్ సంస్కరణలలో ముఖ్యమైనది, తాకట్టులో ఉన్న తాలూకాలను విడిపించడం. రాజ్యమైనా కుటుంబమైనా, రాబోయే ఆదాయాన్ని ముందే రాసి ఇచ్చినప్పుడు విడుదలకు పట్టే కాలమే అప్పుకు అసలు కొలత అని ఈ అనుభవం తెలుపుతుంది.

5.0 నగరాభివృద్ధి మండలి నుంచి గృహనిర్మాణ మండలి వరకు

1908 సెప్టెంబరు 28న వచ్చిన మూసీ వరద తరువాత, 1912లో నగరాభివృద్ధి మండలి ఏర్పడింది. ఇరుకు బస్తీలను తొలగించి, గాలి వెలుతురు ఉన్న ఇళ్ళు కట్టించడం దాని పనులలో ఒకటి. మలక్‌పేట ప్రాంతం కూడా ఆ నిర్మాణాల పరిధిలోకి వచ్చింది. 1960లో ఆ మండలి ఆంధ్రప్రదేశ్ గృహనిర్మాణ మండలిలో విలీనమైంది.

గృహనిర్మాణ మండళ్ళు అనుసరించిన ప్రధాన పద్ధతులలో ఒకటి అద్దె-కొనుగోలు. ఇందులో లబ్ధిదారుడు ఇంట్లో ముందుగా చేరతాడు, కిస్తులు కడతాడు, చివరి కిస్తు తీరాకే హక్కు పత్రం చేతికి వస్తుంది. బ్యాంకు రుణంలో క్రమం తలకిందులవుతుంది. ఇల్లు మొదటి రోజే కొనుగోలుదారు పేర రిజిస్టరు అవుతుంది. కాని దస్తావేజులు బ్యాంకు పెట్టెలోకి వెళతాయి. మొదటి పద్ధతిలో తాను ఇంకా యజమాని కాలేదని కుటుంబానికి ప్రతి నెలా గుర్తుంటుంది. రెండవ పద్ధతిలో యజమానినన్న తృప్తి మొదటే దొరుకుతుంది. భారం స్పృహ నుంచి తొలగుతుంది.

ఇదే కాలంలో హైదరాబాదులో వడ్డీనే ప్రశ్నించిన ఆలోచనాధార ఒకటి ఉంది. ఉస్మానియా విశ్వవిద్యాలయ అర్థశాస్త్ర ఆచార్యుడు అన్వర్ ఇక్బాల్ ఖురేషీ 1940లలో ఇస్లాం దృష్టితో వడ్డీ సిద్ధాంతంపై గ్రంథం రచించాడు. అదే విశ్వవిద్యాలయానికి చెందిన మహమ్మద్ హమీదుల్లా వడ్డీ లేని రుణసంఘాల గురించి రాశాడు. మతనిష్ఠతో వడ్డీకి దూరంగా ఉండే కుటుంబాలు గణనీయంగా ఉన్న మలక్‌పేటకు ఇది పుస్తకాల చర్చ మాత్రమే కాదు. అటువంటి కుటుంబం ఇంటి ధర మొత్తం కూడేదాకా అద్దె కడుతూ ఆగవలసి వస్తుంది. వడ్డీ కట్టనివాడు ఆ వెలను కాలం రూపంలో చెల్లిస్తాడు.

6.0 నేటి రుణం: మూడవ అంకె

1977లో హెచ్.టి.పారేఖ్ హెచ్.డి.ఎఫ్.సి.ని స్థాపించడంతో దేశంలో వ్యవస్థీకృత గృహరుణం విస్తరించింది. 1988లో జాతీయ గృహనిర్మాణ బ్యాంకు ఏర్పడింది. నాటి నుంచి నెలసరి సమాన కిస్తు మధ్యతరగతి జీవితానికి కాలమానంగా మారింది.

ఉదాహరణకు 30 లక్షల రుణం, 8.5 శాతం వడ్డీ, 20 ఏళ్ళ గడువు తీసుకుంటే నెలసరి కిస్తు సుమారు 26,035 రూపాయలు. మొత్తం చెల్లింపు దాదాపు 62 లక్షల 48 వేలు. వడ్డీయే 32 లక్షల 48 వేలు. అంటే అసలును మించింది. స్మృతుల రెట్టింపు హద్దు ఒక సాధారణ గృహరుణంలోనే దాటిపోయింది.

కిస్తు సమానమే గాని అందులోని పాళ్ళు సమానం కావు. మొదటి కిస్తులో 21,250 వడ్డీ. అసలుకు జమ అయ్యేది 4,785 మాత్రమే. పదేళ్ళలో 31 లక్షలకు పైగా కట్టిన తరువాత కూడా మిగిలిన అసలు దాదాపు 21 లక్షలు. గడువు సగం గడిచినా అప్పు మూడవ వంతు కూడా తీరలేదు.

వడ్డీని ఎప్పుడెప్పుడు లెక్కిస్తారన్నది కూడా భారాన్ని మారుస్తుంది. నెలనెలా అసలు తగ్గించకుండా సంవత్సరాంతంలో ఒక్కసారి తగ్గించే పద్ధతి ఒకప్పుడు గృహరుణాలలో విరివిగా ఉండేది. అదే 8.5 శాతానికి ఆ పద్ధతిలో కిస్తు 26,418 అవుతుంది. ఇరవై ఏళ్ళలో తేడా సుమారు 92 వేలు. రేటు ఒక్కటే, లెక్క రెండు.

రుణంలో కలిపివేసే ఖర్చులు మరొకటి. లక్ష రూపాయల బీమా ప్రీమియాన్ని రుణానికి జోడిస్తే, ఇరవై ఏళ్ళలో దానికి చెల్లించేది 2 లక్షల 8 వేలకు పైగా. పరిశీలన రుసుము ముందే మినహాయిస్తే చేతికందేది తగ్గుతుంది, వడ్డీ మాత్రం పూర్తి మొత్తం మీద నడుస్తుంది. పామర్ బోనసు స్వరూపమే ఇక్కడ చిన్న పరిమాణంలో కనిపిస్తుంది. భారతీయ రిజర్వు బ్యాంకు 2024 అక్టోబరు 1 నుంచి కొత్త రుణాలకు, అన్ని ఖర్చులనూ కలిపిన వార్షిక రేటును తెలిపే కీలక వాస్తవాల పత్రాన్ని విస్తృతంగా తప్పనిసరి చేయడానికి కారణం ఇదే.

7.0 మారే వడ్డీ, పెరిగే గడువు

2022 మే నుంచి 2023 ఫిబ్రవరి వరకు రెపో రేటు 4 నుంచి 6.5 శాతానికి పెరిగింది. 6.5 శాతానికి 30 లక్షలు, 20 ఏళ్ళకు తీసుకున్నవారి కిస్తు 22,367. ఏడాది తరువాత మిగిలిన అసలు సుమారు 29 లక్షల 24 వేలు. ఆ సమయంలో వడ్డీ 9 శాతమైందనుకుంటే నెల వడ్డీ 21,933. కిస్తు మార్చకపోతే అసలుకు జమ అయ్యేది 434 రూపాయలు. ఆ లెక్కన అప్పు తీరడానికి ఇంకా దాదాపు 44 ఏళ్ళు పడుతుంది.

కిస్తు పెరగలేదు కనుక ఇంట్లో ఎవరికీ ఏమీ జరిగినట్టు తోచదు. జరిగినదంతా గడువులోనే జరిగింది. రిజర్వు బ్యాంకు 2023 ఆగస్టు ఉత్తరువులో రేటు మార్పు ప్రభావాన్ని రుణగ్రహీతకు తెలపాలని, కిస్తు పెంచుకోవడం, గడువు పొడిగించుకోవడం, స్థిర వడ్డీకి మారడం వంటి ఎంపికలు ఇవ్వాలని ఆదేశించింది.

8.0 మరో పక్క

మొత్తం చెల్లింపును పూర్తిగా నష్టమనడం సరికాదు. ఇరవై ఏళ్ళ తరువాతి రూపాయి నేటి రూపాయి కాదు. జీతం పెరిగితే కిస్తు బరువు తగ్గుతుంది. మిగిలే అద్దెను, పెరిగే ఆస్తి విలువను కూడా లెక్కలో చూడాలి. పాత పన్ను విధానంలో సొంత నివాసపు రుణవడ్డీకి ఏటా 2 లక్షల వరకు మినహాయింపు ఉంది. కొత్త విధానంలో అది లేదు.

తగ్గించుకునే మార్గమూ ఉంది. పై 8.5 శాతం రుణంలో మొదటి ఏడాది చివర లక్ష రూపాయలు అదనంగా కడితే గడువు సుమారు 18 నెలలు తగ్గి, 3 లక్షల 70 వేల వడ్డీ మిగులుతుంది. అదే లక్ష పదిహేనవ ఏట కడితే మిగిలేది 50 వేలు. మారే వడ్డీ గల వ్యక్తిగత గృహరుణాలను ముందే తీర్చినందుకు బ్యాంకులు జరిమానా తీసుకోరాదని 2012 నుంచి నిబంధన ఉంది. అయితే కుటుంబం చేతిలో మిగులు అతి తక్కువగా ఉండేది, ఆ లక్షకు విలువ అత్యధికంగా ఉండేది రుణపు తొలి ఏళ్ళలోనే.

9.0 ముగింపు

స్మృతులు వడ్డీకి హద్దు గీశాయి. విడతల వసూలును ఆ హద్దు నుంచి మినహాయించాయి. నేటి చట్టం గృహరుణపు మొత్తం వడ్డీకి అటువంటి హద్దు గీయలేదు. దాని బదులు రుణదాత అన్నీ తెలపాలన్న నియమాన్ని పెట్టింది. ఆ నియమం ఫలించేది, తెలిపిన దానిని చదివి లెక్కించగల రుణగ్రహీత ఉన్నప్పుడే. 1820లో నిజాం ఖజానాకు ఆ లెక్క చేసిపెట్టడానికి ఒక రెసిడెంటు కావలసి వచ్చింది. నేడు ఆ పని ప్రతి కుటుంబం తానే చేసుకోవాలి.

తెలుగులో ‘అసలు’ అనే మాటకు మూలధనమనీ, వాస్తవమనీ రెండర్థాలున్నాయి. ‘వడ్డీ ఎంత?’ అన్న ప్రశ్న పక్కన ‘ఏ మొత్తం మీద, ఏ లెక్కన, ఎన్నేళ్ళ జీతం?’ అన్న ప్రశ్నను చేర్చినప్పుడే గృహరుణం అసలు ఖరీదు తెలుస్తుంది. ఆర్థిక చరిత్ర, పదచరిత్ర కలిసి చేయవలసిన అధ్యయనానికి మలక్‌పేట వంటి పేటలలోని పాత కిస్తు రసీదులు, అద్దె-కొనుగోలు పత్రాలు, రిజిస్ట్రేషన్ దస్తావేజులు విలువైన ఆధారాలు కాగలవు.