గింగిరాలు తిరిగినా తేరుకునే విమానం

మాచర్ల నుంచి సాగర్ వెళ్లే దారిలో ఎత్తిపోతల దగ్గర ఆగితే, చంద్రవంక నీళ్లు 70 అడుగుల ఎత్తు నుంచి దూకుతూ కనిపిస్తాయి. ఆ నీళ్లకు దిక్కు ఒకటే, కిందికి. ఆకాశంలో పల్టీలు కొట్టే విమానంలోని పెట్రోలుకు అలా కుదరదు. విమానం తలకిందులై ఎగురుతుంటే టాంకులోని పెట్రోలు దాని పైకప్పు వైపు చేరుతుంది. అడుగున ఉన్న గొట్టానికి గాలే అందితే ఇంజను ఆగిపోతుంది. విన్యాసాల విమానం రూపకల్పనలో ఇలాంటి చిక్కులు అడుగడుగునా ఉంటాయి. మన దేశం వాటితో 70 ఏళ్లకు పైగా కుస్తీ పడుతోంది.

మొదటి అడుగు హెచ్‌టీ-2. బెంగళూరు హిందుస్థాన్ విమాన కర్మాగారంలో వి.ఎం. ఘాటగే రూపొందించిన ఈ రెండు సీట్ల శిక్షణ విమానం 1951లో ఎగిరింది. దాని స్థానంలోకి వచ్చిందే హెచ్‌పీటీ-32 దీపక్. 1977 జనవరిలో తొలిసారి ఎగిరిన ఈ విమానం మీదే దుండిగల్ వైమానిక అకాడమీలో ఎన్నో బ్యాచ్‌లు తొలిపాఠాలు నేర్చుకున్నాయి.

దీపక్ ఇంజను 260 హార్స్‌పవర్‌ది. నిండా ఇంధనంతో, మనుషులతో కలిపి బరువు 1,250 కిలోలు. గురువు, శిష్యుడు పక్కపక్కనే కూర్చుంటారు. బరువు తక్కువే అయినా బలం చాలా కావాలి. విన్యాసాల విమానం తన బరువుకు 6 రెట్ల భారాన్ని తట్టుకోవాలన్నది అప్పట్లో అమెరికా నిబంధనల్లోనూ ఉన్న కొలత. అంటే లూప్ (గాలిలో కొట్టే నిలువు చుట్టు) నుంచి బయటికి లాగేటప్పుడు ఈ చిన్న విమానం రెక్కల మీద 7,500 కిలోల భారం పడవచ్చు. తలకిందులైనా ఆగకుండా నడవడానికి తగిన ఇంజనునే దీనికి ఎంచుకున్నారు.

అయినా దీపక్‌ను గాలిలో ఇంజను ఆగిపోయే జబ్బు వదల్లేదు. 2009 జూలై చివర్లో మెదక్ జిల్లాలో ఒక దీపక్ కూలి ఇద్దరు శిక్షకులు చనిపోయారు. ఆ తర్వాత ఈ విమానాలన్నిటినీ నేలకు దించేశారు. అప్పటికి 17 ప్రమాదాల్లో 19 మంది పైలట్లు ప్రాణాలు కోల్పోయారని ప్రభుత్వం పార్లమెంటుకు చెప్పింది. ఆ ఖాళీని పూడ్చడానికి స్విట్జర్లాండ్ నుంచి 75 పిలాటస్ శిక్షణ విమానాలు కొన్నారు. 2013 మే నెలలో దుండిగల్‌లో వాటిని లాంఛనంగా వైమానిక దళంలోకి తీసుకున్నారు.

హిందుస్థాన్ ఏరోనాటిక్స్ (హెచ్‌ఏఎల్) ఇంజనీర్లు మాత్రం పట్టు వదల్లేదు. సంస్థ సొంత నిధులతో మొదలుపెట్టిన శిక్షణ విమానం హెచ్‌టీటీ-40, 2016 మే 31న గాలిలోకి లేచింది. దాని ముందున్న అసలు పరీక్ష గింగిరాలు. వేగం బాగా తగ్గినప్పుడు ఒక రెక్క మరోదానికన్నా ముందు పట్టు కోల్పోతే విమానం గిరగిరా తిరుగుతూ కిందికి పడుతుంది. తోకమీది రడ్డర్ ఎదురు వైపు తిరిగేలా పెడల్ తొక్కి, స్టిక్‌ను ముందుకు నెట్టి దాన్ని ఆపాలి. అప్పుడు రడ్డర్‌కు గాలి సరిగా తగలాలి. అందుకే ఇంజనీర్లు తోకను సరిదిద్ది, నిలువు రెక్కను వెనక్కి జరిపారు. ఆ తర్వాత విమానం కుడికీ ఎడమకీ ఆరేసి చుట్లు తిరిగి, సురక్షితంగా బయటపడి చూపించింది. 2023 మార్చిలో వైమానిక దళం కోసం 70 విమానాలకు ఒప్పందం కుదిరింది.

విన్యాసాల విమానం గొప్పతనాన్ని చాలామంది వేగంతో కొలుస్తారు. శిక్షణ విమానానికి ఆ కొలత చాలదు. ఇరవై ఏళ్లైనా నిండని కుర్రాడు చేసిన తప్పును విమానం ఎంతవరకు కాచుకుంటుంది, తిరిగి దారిలోకి రావడానికి అతనికెంత వ్యవధి ఇస్తుంది అన్నదే అసలు లెక్క. దీపక్‌తో పోయిన ప్రాణాలు మనకు నేర్పిన పాఠం ఇదే. కొత్త విమానం గీసే ప్రతి ఇంజనీరు ముందుగా జవాబు చెప్పాల్సింది ఈ లెక్కకే.