దారి చూపినందుకు వెల

చిన్ననాటి రైలు ప్రయాణాలలో ఒక దృశ్యం తరచు నా కంటబడేది. చూపులేని గాయకుడొకరు పాడుకుంటూ పెట్టెలోకి వచ్చేవారు. ఆయన చేయి ఎనిమిది తొమ్మిదేళ్ళ పిల్లవాడి భుజం మీద ఉండేది. చిల్లర పాటకు రాలేది; దారి చూపిన పిల్లవాడు పోగొట్టుకున్న బడి మాత్రం ఎవరి లెక్కలోకీ వచ్చేది కాదు. దారిచూపే కుక్కల చరిత్ర చదువుతుంటే నాకు మొదట ఆ పిల్లవాడే గుర్తుకు వచ్చాడు.

ఆ చరిత్ర యుద్ధంతో మొదలయింది. మొదటి ప్రపంచయుద్ధంలో చూపు కోల్పోయిన సైనికుల కోసం 1916లో జర్మనీలోని ఓల్డెన్‌బర్గ్‌లో ఇటువంటి కుక్కలకు శిక్షణాలయం వెలిసింది. తరువాత పోట్స్‌డామ్‌లో మరొకటి వచ్చింది. దానిని చూసిన డొరొతీ యూస్టిస్ అనే అమెరికా వనిత 1927లో ఒక పత్రికకు వ్యాసం రాశారు. నాష్‌విల్‌లో మారిస్ ఫ్రాంక్ అనే అంధ యువకుడికి అతని తండ్రి ఆ వ్యాసం చదివి వినిపించాడు. యూస్టిస్ అప్పట్లో స్విట్జర్లాండులో కుక్కలను పెంచేవారు. ఫ్రాంక్ 1928లో అక్కడికి వెళ్ళి, బడ్డీ అనే ఆడ జర్మన్ షెపర్డుతో తిరిగివచ్చాడు. మరుసటి ఏడాది ‘సీయింగ్ ఐ’ సంస్థ పుట్టింది.

ఇక వెల సంగతి. పుట్టిన కూనను ఏడాదికి పైగా స్వచ్ఛంద కుటుంబాలు ప్రతిఫలం ఆశించకుండా పెంచుతాయి. ఆపై నెలల తరబడి శిక్షణ. చివరికి మనిషికీ కుక్కకూ కలిపి కొన్ని వారాల సాధన. మొత్తం ఖర్చు వేల డాలర్లలో కాదు, పదుల వేలలో. అందులో విద్యార్థి వంతు 150 డాలర్లు! 1930లలో నిర్ణయించిన ఆ రుసుమును దశాబ్దాలు గడిచినా పెంచలేదు. మాజీ సైనికులకైతే ఒక్క డాలరే.

అంత దానం చేసేవారు ఈ కాస్త ఎందుకు వదలలేదని నేనూ అనుకున్నాను. కాని ఆర్థిక మాంద్యపు రోజులలో 150 డాలర్లు కాస్త సొమ్మేమీ కాదు, వాయిదాలలో కట్టుకునేవారు. ఆ సొమ్ము కుక్క ఖరీదు కాదు, మనిషి ఆత్మగౌరవానికి రసీదు. ‘ఎవరో ఇచ్చారు’ అనకుండా ‘నేను తెచ్చుకున్నాను’ అనగలగడానికి కట్టిన మూల్యం.

తెచ్చుకున్నాక పోషణ ఉంటుంది: మేత, మందులు, ఎండావానలలో బయట తిప్పడం. వీటన్నిటినీ మించిన ఖర్చు ఇంకొకటుంది. ఏడెనిమిదేళ్ళకు ఆ నేస్తం అలసిపోతుంది, మళ్ళీ మరొకదానితో మొదటి అడుగు నుంచి నేర్చుకోవాలి. ఫ్రాంక్ బడ్డీ 1938లో కన్నుమూసింది. తరువాత వచ్చినదానికీ ఆయన బడ్డీ అనే పేరు పెట్టుకున్నాడు.

దారి చూపడం ఎక్కడా ఉచితం కాదు. అక్కడ ఆ వెలను పదిమంది పంచుకున్నారు, లెక్క రాసుకున్నారు. మా రైలుపెట్టెలో దానిని ఒక పసివాడి భుజం ఒంటరిగా మోసింది. అప్పుడు నేను కూడా పాటకే చిల్లర వేశాను.