శామీర్‌పేట కళ్లంలో సోషియాలజీ

డిగ్రీ మొదటి సంవత్సరం పిల్లలకు సోషియాలజీ అనగానే చాలామంది లెక్చరర్లు ఆగస్ట్ కామ్టేతో మొదలుపెడతారు. నేను మాత్రం రిటైరయ్యేదాకా శామీర్‌పేటతోనే మొదలుపెట్టాను. సికింద్రాబాదులో కరీంనగర్ బస్సెక్కితే దారిలోనే తగులుతుంది ఆ ఊరు. ఇప్పుడక్కడ ఔటర్ రింగురోడ్డు, నల్సార్ లా యూనివర్సిటీ, ఆదివారం చెరువు చూడ్డానికి వచ్చే కార్లు. 1951లో అది కులవృత్తుల మీద, చెరువు నీళ్ల మీద నడిచే మామూలు తెలంగాణ పల్లె.

ఉస్మానియాలో సమాజశాస్త్రం చెప్పే శ్యామాచరణ్ దూబే పరిశోధనకు ఆ ఊరినే ఎంచుకున్నాడు. ఆయనది మధ్యప్రదేశ్. హైదరాబాదు సంస్థానం మీద పోలీసు చర్య జరిగి మూడేళ్లు కాలేదు, 1949లో జాగీర్లు రద్దయ్యాయి. పాతది కూలుతోంది, కొత్తది ఇంకా నిలదొక్కుకోలేదు. యూనివర్సిటీ తలపెట్టిన గ్రామసేవా పథకంలో వైద్యం, వ్యవసాయం, పశువైద్యం చెప్పేవాళ్లు కూడా ఊళ్లోకి వెళ్లారు. దూబే చూసినదంతా 1955లో ‘ఇండియన్ విలేజ్’గా వచ్చింది. మన దేశంలో ఒక ఊరిని మొత్తంగా తీసుకుని రాసిన తొలి పుస్తకాల్లో అదొకటి. ఎవరింట్లో ఎవరు తింటారు, ఏ పండక్కి ఎవరు ఏ పని చేస్తారు, అత్తాకోడళ్ల మధ్య ఏం నడుస్తుంది అన్నవి కూడా చదవదగ్గ విషయాలేనని అది తేల్చింది.

ఆ పుస్తకంలో పనివాళ్ల మేరల గురించి, అంటే పంటలో వాళ్లకిచ్చే గింజల వాటాల గురించి చదువుతుంటే నాకు సిద్దిపేట వైపు మా ఊరి కళ్లమే కనిపించింది. వడ్లు తూర్పారబట్టి రాశి పోయగానే వడ్రంగి, కమ్మరి, కుమ్మరి, చాకలి, మంగలి, చెరువు నీళ్లు వదిలే నీరటి వచ్చి నిలబడేవాళ్లు. నాగలి చెక్కినందుకు, కర్రు సరిచేసినందుకు, ఏడాదంతా బట్టలుతికినందుకు మా నాయన ఎవరి మేర వాళ్లకు కొలిచి పోసేవాడు. బేరమాడే మాటే లేదు. మోటబొక్కెనకు తోలు కుట్టిన మాదిగాయన దూరంగా కూర్చునేవాడు. ఆయన వంతు చివర్న వచ్చేది, రాశి ఎత్తాక అడుగున మిగిలిన మట్టిగింజలు కలిపి. ఆయన్ని మా నాయన ‘మామా’ అని వరసపెట్టే పిలిచేవాడు. ఆ మామ మా గడప ఎన్నడూ దాటలేదు.

ఇదంతా మంచికో చెడుకో ఒకరి గుణమని అనుకునేవాణ్ణి. దూబే పుస్తకం చదివాక దాని వెనకున్న కట్టడి అర్థమైంది. చాకలితో కాపుకు చెడితే ఇంకో చాకలి వచ్చి పని అందుకోడు, కులపంచాయితీ ఊరుకోదు. అంటే చాకలికి తిండిగింజలకు భరోసా ఉండేది, తన పని మీద కొంత పట్టూ ఉండేది. ఆ భరోసా తాడే ఆయన కొడుకును కూడా చాకిరేవుకు కట్టేసేది. ఎవరూ కొరడా పట్టుకుని నిలబడనక్కర్లేదు, ఆనవాయితీ అంటే చాలు.

తర్వాత మోటల చోట కరెంటు మోటార్లు వచ్చాయి, కుండల చోట ప్లాస్టిక్ బిందెలు. 1984లో ఎన్టీఆర్ ప్రభుత్వం పటేల్, పట్వారీ పదవులను రద్దు చేసింది. కళ్లంలో కొలిచే మేరలు కూలి డబ్బులుగా మారాయి. డబ్బు చేతికొచ్చినవాడు పట్నం బస్సెక్కగలిగాడు, ఇది చిన్న మార్పు కాదు. కానీ పెళ్లికి ఐరేని కుండలు ఇప్పటికీ కుమ్మరింటి నుంచే రావాలి. ఇల్లు అద్దెకు అడిగితే ‘మీరేమిట్లు?’ అని కులం అడిగే ప్రశ్న ఇప్పటికీ వస్తుంది.

అందుకే పిల్లలకు మొదటి వారం పుస్తకం తెరవనిచ్చేవాణ్ణి కాదు. మీ ఇంటికి పనిమీద వచ్చేవాళ్లు ఏ గదిదాకా వస్తారు, వాళ్లకు చాయ్ ఏ గ్లాసులో ఇస్తారు, వాళ్లు ఎక్కడ కూర్చుంటారు, రాసుకు రమ్మనేవాణ్ణి. ‘మా ఇంట్లో అలాంటివేం లేవు సార్’ అన్నవాళ్లే నాలుగు పేజీలు నింపి తెచ్చేవాళ్లు. ఒకమ్మాయి కాగితంలో, పనామె గ్లాసు వంటింటి కిటికీలో విడిగా ఉంటుందని రాసింది. ఎవరు పెట్టారంటే, ఎప్పట్నుంచో అక్కడే ఉందంది.

ఈ సబ్జెక్టు చదివితే ఏం లాభమని తల్లిదండ్రులు నన్ను అడుగుతూనే ఉండేవాళ్లు. ‘ఎప్పట్నుంచో ఉంది’ అన్న దాన్ని ఎవరు పెట్టారు, ఎవరికి లాభమని పెట్టారు అని అడగడం వస్తుంది అనేవాణ్ణి. మనుషులు పెట్టిన దాన్ని మనుషులే తీసేయొచ్చు. ఎన్ని తరాల కట్టడి అయినా సరే, అది కట్టడి అని తెలిశాకే తీసే పని మొదలవుతుంది.