బ్లోబ్యెర్ తీరానికి కేబుళ్లు ఎందుకు వచ్చాయి?

డెన్మార్క్ పశ్చిమ తీరంలోని బ్లోబ్యెర్ పేరు లోకానికి తెలిసింది 2010 డిసెంబరులో. విదేశాల్లో తనకు కీలకమైన చోట్లంటూ అమెరికా రాసుకున్న జాబితాను వికీలీక్స్ బయటపెట్టింది. అట్లాంటిక్ దాటి వచ్చిన టాట్-14 సముద్రగర్భ కేబుల్ ఒడ్డుకు చేరే చోటుగా ఈ పేరు అందులో ఉంది. అందుకే ఇక్కడి కథను టాట్-14తో మొదలుపెట్టి, ఇసుక తీరం అనుకూలించింది కాబట్టి కేబుల్ వచ్చిందని ముగిస్తుంటారు. ఈ రెండు మాటలూ నాకు సరిగా తోచవు.

తీరమే కారణమైతే టెలిగ్రాఫ్ రోజుల్లోనే తీగలు ఇక్కడికి రావలసింది. 1868లో ఇంగ్లండుకు తీగ వేసింది ఉత్తరాన సోండర్విగ్ నుంచి. 1873లో ఫ్రాన్సుకు వేసింది దక్షిణాన ఫానో దీవి నుంచి. తర్వాత కూడా ఇక్కడ కేబుళ్లను రప్పించేదేమీ లేదు. 1970లో నోర్ నేబెల్ కేంద్రంగా ఏర్పడిన బ్లోబ్యెర్ మునిసిపాలిటీ పేరుకే మునిసిపాలిటీ. ఆరు వేల పైచిలుకు జనం, పొలాలు, 64 మీటర్ల ఇసుక కొండ. ఆ కొండ పేరే దానికి పెట్టారు.

అసలు మలుపు 1994లో వచ్చిందని నా అభిప్రాయం. కెనడా నుంచి ఐస్‌లాండ్, ఫారో దీవులను కలుపుతూ వచ్చిన కాన్‌టాట్-3 కేబుల్ ఆ ఏడు ఇక్కడ ఒడ్డెక్కింది. టాట్-14 రావడానికి అది ఏడేళ్ల ముందు మాట. నడిసముద్రంలో కేబుల్ బొటనవేలంత లావే ఉంటుంది. ఒడ్డు దగ్గర లంగర్లకూ వలలకూ తెగకుండా ఉక్కు తీగలు చుడతారు. దారి పొడవునా కాంతిని పెంచే రిపీటర్లకు వేల వోల్టుల కరెంటు పంపాల్సింది ఒడ్డునున్న స్టేషనే. ఆ యంత్రాలు, నమ్మకమైన కరెంటు, నగరాలకు పోయే ఫైబర్ ఒకసారి అమరాక, తర్వాతి కేబుల్‌ను వేరే చోటికి తీసుకెళ్లడం దండగ ఖర్చు. 2001లో టాట్-14, 2009లో ఐస్‌లాండ్ నుంచి డానిస్, 2020లో అమెరికా నుంచి హావ్‌ఫ్రూ ఇక్కడికే వచ్చాయి. ఇసుకలో కేబుల్ పూడ్చడం తేలికన్నది నిజమే. అయితే ఆ వసతి డెన్మార్క్ పశ్చిమ తీరంలో చాలాచోట్ల ఉంది.

2006 డిసెంబరులో కాన్‌టాట్-3 తెగి ఐస్‌లాండ్ ఇంటర్నెట్ దెబ్బతింది. ఆ నెలాఖరుతోనే బ్లోబ్యెర్ మునిసిపాలిటీ కథా ముగిసింది. 2007 జనవరి 1న మరో నాలుగింటితో కలిపి దాన్ని కొత్త వార్దె మునిసిపాలిటీ చేశారు. స్టేషన్ మాత్రం కొనసాగింది.

ఇప్పటి తీరు నాకు పూర్తిగా నచ్చదు. టాట్-14 అనేక దేశాల టెలికాం సంస్థల ఉమ్మడి ఆస్తి. 2020 డిసెంబరులో దాన్ని ఆపేశారు. హావ్‌ఫ్రూను వేయించిన సంస్థలు నాలుగే, వాటిలో గూగుల్, ఫేస్‌బుక్ ఉన్నాయి. పైగా పాత అలవాటుకొద్దీ కొత్త కేబుళ్లనూ అదే ఇసుకలో పూడుస్తున్నారు. అన్నీ ఒక్కచోటే ఉంటే ముప్పు కాబట్టి, ఖర్చైనా సరే, అట్లాంటిక్ దాటి వచ్చే తర్వాతి కేబుల్‌కైనా డెన్మార్క్ మరో తీరం చూడాలి.